బౌన్స్ అయిన చెక్కుకు బయట రాజీ: నోటీసు ఆపాలా, కాగితం ఎలా రాసుకోవాలి?

ఎరువుల_పద్దు (ప్రశ్న)

అరువు మీద ఇచ్చిన ఎరువులు, పురుగుమందుల బాకీకి రూ. 4,80,000 చెక్కు. చెక్కు మీద తేదీ జనవరి 12. ఫిబ్రవరి 9న బ్యాంకులో వేస్తే 10న ‘ఫండ్స్ ఇన్‌సఫిషియంట్’ అని రిటర్న్ మెమో చేతికొచ్చింది. ఇవాళ మార్చి 3.

ఇచ్చినాయన ఫోను ఎత్తుతున్నాడు, బాకీ లేదనడం లేదు. ఆయన అడిగేది ఇదీ: ఇప్పుడు 1,50,000 నగదు, మిగతా 3,30,000 నెలకు 55,000 చొప్పున ఆరు వాయిదాలు. నోటీసు పంపకూడదు, పాత చెక్కు ఇప్పుడే వెనక్కి ఇచ్చేయాలి. మధ్యలో ఇద్దరు పెద్దమనుషులున్నారు. 100 రూపాయల స్టాంపు కాగితం మీద రాసి నోటరీ చేయిస్తే చాలంటున్నారు.

నోటీసు ఆపవచ్చా? చెక్కు ఎప్పుడు ఇవ్వాలి? ఆ స్టాంపు కాగితానికి బలం ఎంత?

కోర్టు_వరండా

ముందు తేదీలు చూడండి, రాజీ తర్వాత. నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం సెక్షన్ 138 కింద, చెక్కు తిరిగొచ్చిందని బ్యాంకు నుంచి తెలిసిన రోజు నుంచి 30 రోజుల్లోపు రాతపూర్వకంగా డిమాండు నోటీసు పంపాలి. ఫిబ్రవరి 10ని వదిలేసి లెక్కపెడితే మార్చి 12తో అయిపోతుంది. మీకు ఇంకా తొమ్మిది రోజులే ఉంది. ఫిర్యాదు వేయడం ఆలస్యమైతే తగిన కారణం చూపి కోర్టును క్షమించమని అడగవచ్చు (2002 సవరణలో ఆ వీలు వచ్చింది). నోటీసు ఆలస్యమైతే ఆ వీలు లేదు. ‘రాజీ మాటలు నడుస్తున్నాయి, అందుకే పంపలేదు’ అనే మాట అక్కడ చెల్లదు. చాలా కేసులు చచ్చిపోయేది సరిగ్గా ఈ 30 రోజుల్లోనే. ఎదుటివాడు మంచిగా మాట్లాడుతున్నంత సేపూ క్యాలెండరు ఎవరికీ గుర్తుండదు.

నోటీసు పంపితే తగువు పెట్టుకున్నట్టు కాదు. ‘మన మాటలు మనవి, ఇది గడువు కోసం’ అని ముందే ఫోనులో చెప్పి పంపండి. నోటీసు అందిన రోజు నుంచి ఆయనకు 15 రోజులు టైముంటుంది. మార్చి 9న అందితే 24 దాకా. ఆ లోపు మొత్తం కడితే కేసే లేదు. కట్టకపోతే 25 నుంచి మీకు ఒక నెల, అంటే ఏప్రిల్ 24 లోపు ఫిర్యాదు వేయాలి. 15 రోజులు నిండకముందే వేస్తే ఆ ఫిర్యాదు నిలవదు (యోగేంద్ర ప్రతాప్ సింగ్ తీర్పు, 2014). కాబట్టి నోటీసు పంపితే రాజీ మాట్లాడుకోవడానికి మీకు ఇంకో నెలన్నర దొరుకుతుంది.

నోటీసులో అడిగే మొత్తం చెక్కు మొత్తమే అయి ఉండాలి, అక్షరాలా 4,80,000. కావేరి ప్లాస్టిక్స్ కేసులో (సెప్టెంబరు 2025) సుప్రీంకోర్టు ఈ విషయం గట్టిగా చెప్పింది. అంకె తేడా పడితే నోటీసే చెల్లదు, టైపింగ్ పొరపాటన్నా వినరు. వడ్డీ, నోటీసు ఖర్చు అడగాలనుకుంటే వేరే పేరాలో వేరే అంకెగా రాయండి. రెండూ కూడి ఒకే మొత్తంగా అడగొద్దు.

అందుకే ఇంకో మాట: ఆ 1,50,000 నోటీసు పంపకముందు తీసుకోకండి. తీసుకుంటే నోటీసులో 4,80,000 అడగాలా 3,30,000 అడగాలా అన్న చిక్కు మీరే తెచ్చుకున్నట్టు. నోటీసు వెళ్లాక తీసుకోండి, రసీదు ఇవ్వండి, రేపు ఫిర్యాదు వేయాల్సి వస్తే వచ్చింది వచ్చినట్టు రాయండి.

చెల్లు_చీటీ

పై సలహాతో ఏకీభవిస్తాను. కానీ నోటీసు పంపితే ఆయన నిజంగానే బెదిరి మాట తప్పుతాడనుకుంటే ఇంకో సన్నని దారి ఉంది. చెక్కుకు ఆయుష్షు మూడు నెలలు (2012 ఏప్రిల్ నుంచి, అంతకుముందు ఆరు). మీది జనవరి 12 చెక్కు గనుక ఏప్రిల్ 11 దాకా పనికొస్తుంది. ఆ లోపు మళ్లీ బ్యాంకులో వేయవచ్చు. మళ్లీ తిరిగొస్తే కొత్త మెమో, దాని మీద కొత్తగా 30 రోజులు. ఎం.ఎస్.ఆర్. లెదర్స్ తీర్పు (2012) నుంచి ఇందులో సందేహం లేదు. మార్చి ఆఖరుకల్లా మాట తేలకపోతే ఏప్రిల్ మొదటి వారంలో వేసేయండి. 11వ తేదీ దాకా ఆగొద్దు. క్లియరింగులో సెలవు అడ్డొస్తే అంతే సంగతులు.

ఈ దారిలో ఒక గుంట ఉంది. మధ్యలో 1,50,000 తీసుకుని, అదే చెక్కును 4,80,000కి మళ్లీ వేస్తే నేరం కాకుండా పోతుంది. దశరథ్‌భాయ్ పటేల్ తీర్పు (2022) చెప్పేది ఇదే: చెక్కు బ్యాంకులో వేసిన రోజున అంత బాకీ నిజంగా ఉండాలి. కొంత ముట్టి ఉంటే, సెక్షన్ 56 ప్రకారం చెక్కు మీద ఆ మేరకు రాసి, మిగిలిన దానికే వేయాలి. ప్రోనోటు వెనక చెల్లు వేస్తాం చూడండి, అలాంటిదే. కానీ చెల్లు వేసిన చెక్కును బ్యాంకు కౌంటరులో తీసుకునేవాళ్లు అరుదు. కాగితం మీద చట్టం ఒకటి, కౌంటరు దగ్గర ఇంకొకటి. కొంత డబ్బు ముట్టిందంటే మిగిలినదానికి కొత్త చెక్కులు తీసుకోవడమే శుభ్రం.

ఇక నగదు. వద్దు. ఒకే లావాదేవీకి రెండు లక్షలు, ఆపైన నగదుగా తీసుకుంటే ఆదాయపు పన్ను చట్టం కింద తీసుకున్నంతా జరిమానా పడొచ్చు. 1,50,000 దాని కిందే కదా అనుకుంటారు. తర్వాతి 55,000 కూడా నగదైతే రెండో విడతకే 2,05,000 అవుతుంది. బాకీ ఒకటే కాబట్టి కలిపే లెక్కిస్తారు. అన్నీ ఖాతాకే వేయించండి, ఏ వాయిదా ఎప్పుడొచ్చిందన్న గొడవా ఉండదు.

ఎరువుల_పద్దు

నోటీసు 6వ తేదీన పంపిస్తాను. ఆ 1,50,000 నోటీసు అందాకే, ఖాతాలోనే వేయిస్తాను. మరి ఆ ఒప్పంద కాగితంలో ఏం రాయాలి? ఆరు నెలలకు ఆరు చెక్కులు తీసుకోవాలా, 3,30,000కి ఒకటే తీసుకోవాలా?

చెల్లు_చీటీ

ఆరు. ఒకటే తీసుకుంటే రెండు వాయిదాలు కట్టి మూడోది ఎగ్గొట్టినప్పుడు మీ చేతిలో 3,30,000 చెక్కు, బాకీ మాత్రం 2,20,000. పైన చెప్పిన గుంటలోనే మళ్లీ పడతారు. అంకె ఖాళీగా వదిలి సంతకం చేసిన చెక్కు కూడా చెల్లుతుంది, నిజమే (బీర్ సింగ్ తీర్పు, 2019). కానీ ఎంత రాశారు, ఎందుకు రాశారు అని రెండేళ్లు క్రాస్ ఎగ్జామినేషన్‌లో సమాధానం చెప్పుకోవాలి. ఒక్కొక్కటి 55,000, ఒక్కొక్క దానిమీద ఆ వాయిదా తేదీ. ఆయన నేరుగా ఖాతాలో వేస్తే ఆ నెల చెక్కు తిరిగి ఇచ్చి సంతకం తీసుకోండి.

కాగితంలో మొదట ఉండాల్సింది బాకీ ఒప్పుకోలు. ఏ బిల్లుల కింద ఎంత బాకీ, ఏ తేదీ, ఏ నంబరు చెక్కు ఇచ్చాడు, ఏ రోజు ఏ కారణంతో తిరిగొచ్చింది, ఇప్పటికి ఎంత రావాలి అన్నది ఆయన నోట ‘ఒప్పుకుంటున్నాను’ అని రావాలి. సరుకు బాకీకి సివిల్ దావా గడువు మూడేళ్లు. ఆ మూడేళ్లు నిండకముందే సంతకంతో ఒప్పుకుంటే సంతకం పెట్టిన రోజు నుంచి గడువు మళ్లీ మొదలవుతుంది (లిమిటేషన్ చట్టం సెక్షన్ 18). అందుకే కాగితం మొత్తంలో ఈ పేరా బలమైనది. పెద్దమనుషులు రాయించే కాగితాల్లో మాత్రం సామాన్యంగా ఇదే ఉండదు, ‘ఇరువర్గాలూ రాజీపడినారు’ అని ఒక ముక్క రాసి ఊరుకుంటారు.

తర్వాత వాయిదాల తేదీలు, ప్రతి వాయిదాకు చెక్కు నంబరు, బ్యాంకు పేరు. ఏ వాయిదా తప్పినా మిగిలినదంతా ఒక్కసారే కట్టాలన్న షరతు. ఇది సివిల్ దావాకు ఉపయోగం. 138కి కాదు, ఎందుకంటే నాలుగో నెల చెక్కును రెండో నెలలో బ్యాంకులో వేయలేరు. వడ్డీ వదులుకుంటున్నారా? అయితే ‘వాయిదాలన్నీ తేదీకి కడితేనే’ అని రాయండి. షరతు లేకుండా రాస్తే తప్పినా వదులుకున్నది వదులుకున్నట్టే.

‘పూర్తిగా ముట్టినది, ఇక ఎట్టి బాకీ లేదు’ అన్న వాక్యం ఒప్పందంలో ఎక్కడా కనబడకూడదు. దాని చోటు ఆఖరి రసీదులో.

ప్రతి పేజీ మీద ఇద్దరి సంతకాలు, ఇద్దరు సాక్షులు, రెండు ప్రతులు. నోటరీ చేయిస్తే సంతకం తనది కాదనడం ఆయనకు కష్టమవుతుంది, అంతకు మించి బలం రాదు. నోటరీ చేసిన కాగితం డిక్రీ (సివిల్ కోర్టు తీర్పు ఉత్తర్వు) కాదు. దాన్ని పట్టుకుని నేరుగా జప్తుకు వెళ్లలేరు, దావా వేయాల్సిందే.

పాత చెక్కు ఇప్పుడే ఇవ్వొద్దు. ‘ఈ చెక్కును మళ్లీ బ్యాంకులో వేయను, ఆఖరి వాయిదా ముట్టిన రోజు తిరిగి ఇస్తాను’ అని ఒప్పందంలో రాసిస్తే ఆయన భయమూ తీరుతుంది.

పదిహేనో_రోజు

ఒక్క దగ్గర విభేదిస్తాను. పై కాగితం ఎంత బాగా రాసినా, దాని మీద సంతకం పడ్డాక పాత చెక్కు మీద క్రిమినల్ కేసు దాదాపు ముగిసినట్టే. గింపెక్స్ తీర్పులో (అక్టోబరు 2021) సుప్రీంకోర్టు చెప్పింది ఇదీ: రాజీ ఒప్పందం కుదిరాక మొదటి చెక్కు ఫిర్యాదు అందులో కలిసిపోతుంది, రాజీ కింద ఇచ్చిన కొత్త చెక్కులు బౌన్స్ అయితే వాటి మీద కొత్త కేసు వేసుకోవాలి, రెండు కేసులూ పక్కపక్కన నడపడం కుదరదు. అంటే 4,80,000 కేసు బదులు 55,000 కేసులు మిగులుతాయి. ఒక్కో దానికి మెమో, నోటీసు, 15 రోజులు, నెల, అన్నీ మొదటి నుంచి. ఆరు చెక్కులు తీసుకోకుండా ఉత్త మాట మీద ఒప్పందం రాసుకున్నవాళ్లకైతే సివిల్ దావా తప్ప ఏదీ మిగలదు.

అందుకే నా మాట: 15 రోజుల్లో మొత్తం కట్టలేడని తేలిపోయినప్పుడు, ఏప్రిల్ 24 లోపు ఫిర్యాదు వేసి, రాజీ కోర్టులో రాయించుకోండి. మీ చెక్కు మీ ఖాతాలో వేశారు కాబట్టి మీ బ్యాంకు బ్రాంచి ఉన్న చోటి కోర్టులోనే వేయవచ్చు (2015 సవరణ), ఆయన ఊరికి తిరగక్కర్లేదు. సెక్షన్ 147 ప్రకారం ఈ నేరం ఏ దశలోనైనా రాజీ చేసుకోదగ్గదే.

ఆయనకు కూడా ఇందులో నష్టం తక్కువ. 2010లో దామోదర్ ప్రభు తీర్పు ఆలస్యంగా రాజీకి వచ్చేవాళ్లకు 10, 15, 20 శాతం ఖర్చులు పెట్టింది. 2025 సెప్టెంబరులో సంజబీజ్ తారి తీర్పు వాటిని సడలించింది. ముద్దాయి తరఫు సాక్ష్యం మొదలుకాకముందు కట్టేస్తే ఖర్చేమీ లేకుండా రాజీ అనుమతించవచ్చు. ఆ సాక్ష్యం తర్వాత, తీర్పుకు ముందైతే 5 శాతం. సెషన్స్ కోర్టు, హైకోర్టు దశలో 7.5. సుప్రీంకోర్టులో 10. మీ చెక్కుకు లెక్కేస్తే 24,000, 36,000, 48,000. ఇది మీకు రాదు, లీగల్ సర్వీసెస్ అథారిటీకి పోతుంది. ఈ అంకెలు ఆయనకు చెప్పండి, బెదిరింపుగా కాదు, లెక్కగా. కేసు నడిస్తే సెక్షన్ 143ఎ కింద 20 శాతం దాకా మధ్యంతర పరిహారం కట్టమని కోర్టు చెప్పవచ్చన్నది కూడా, అంటే 96,000 వరకు. అది కోర్టు విచక్షణ, హక్కు కాదు.

కోర్టు బయట వాయిదాలు నడుస్తుండగా ఎప్పుడూ చేయకూడనిది ఫిర్యాదు ఉపసంహరించుకోవడం. ఉపసంహరిస్తే ముద్దాయి నిర్దోషిగా విడుదలవుతాడు, ఆ కేసు మళ్లీ లేవదు. కొత్త చెక్కులు చూసి ముచ్చటపడి కేసు తీసేసుకుని, తర్వాత లబోదిబోమనేవాళ్లు ఎక్కువ. జాయింట్ మెమో (రాజీ అయ్యామని ఇద్దరూ సంతకం చేసి కోర్టుకిచ్చే కాగితం) ఆఖరి వాయిదా ముట్టిన రోజే వేయండి.

చెల్లు_చీటీ

గింపెక్స్ గురించి చెప్పింది నిజం. అయితే కోర్టులో రాసిన రాజీకి కూడా ఆ తీర్పు వర్తిస్తుంది కదా. ఆ కేసులో రాజీ కుదిరింది ఫిర్యాదులు నడుస్తున్నప్పుడే. కాబట్టి ఫిర్యాదు వేశాక రాజీ అయినా కొత్త చెక్కులు తీసుకోవాల్సిందే. సంతకం ఎప్పుడు పెడుతున్నామన్నదే అసలు విషయం. నా మటుకు మొదటి విడత 1,50,000 ఖాతాలో పడేదాకా ఏ ఒప్పందం మీదా సంతకం పెట్టవద్దంటాను.

పదిహేనో_రోజు

ఒప్పుకుంటాను. దీనికి లోక్ అదాలత్ ఒక మంచి విరుగుడు. అక్కడ రాజీ అయితే ఇచ్చే అవార్డు సివిల్ కోర్టు డిక్రీతో సమానం, అప్పీలు లేదు. 138 కేసును మేజిస్ట్రేటు లోక్ అదాలత్‌కు పంపి అక్కడ రాజీ అయినా అది డిక్రీయేనని 2011లో గోవిందన్ కుట్టి మీనన్ తీర్పులో తేలింది. వాయిదా తప్పితే నేరుగా ఎగ్జిక్యూషన్ పిటిషన్, దాన్నే కోర్టుల్లో ఈపీ అంటారు. వేయడానికి పన్నెండేళ్ల గడువు. జీతం, ఆస్తి జప్తు అడగవచ్చు. బదులుగా పోగొట్టుకునేది 138 కేసు. అవార్డు వచ్చాక అది ముగిసినట్టే, మళ్లీ జైలు భయం చూపలేరు. ఎదుటివాడి పేరు మీద పొలమో ఇల్లో ఉంటే అవార్డు మేలు. పేరు మీద ఏమీ లేకుండా వ్యాపారం మాత్రమే ఉంటే కేసు నిలుపుకోవడం మేలు. అది చూసుకోకుండా ‘లోక్ అదాలత్‌లో అయిపోయింది’ అని సంబరపడితే చేతిలో జప్తు చేయడానికి ఏమీ లేని డిక్రీ మిగులుతుంది.

కేసు వేయకముందే వెళ్లవచ్చు. జిల్లా లీగల్ సర్వీసెస్ అథారిటీలో ప్రీ లిటిగేషన్ కేసుగా అర్జీ ఇస్తే ఆయనకు కబురు పంపుతారు. ఫీజు లేదు. సమాచారానికి 15100. కానీ గుర్తుంచుకోండి, ఆ అర్జీ 138 గడువుల్ని ఆపదు. అర్జీ ఇచ్చి లోక్ అదాలత్ తేదీ కోసం ఎదురుచూస్తూ నోటీసు గడువు పోగొట్టుకోవద్దు.

సిమెంటు_సంచి

మధ్యలో దూరుతున్నాను. చెక్కు ప్రైవేటు లిమిటెడ్ కంపెనీది, డైరెక్టరు వచ్చి రాజీ అంటున్నాడు. ఇదే పద్ధతా?

కోర్టు_వరండా

గడువులు అవే. తేడా రెండు చోట్ల. నోటీసు కంపెనీ పేరుకు తప్పనిసరి, సంతకం చేసిన డైరెక్టరుకూ పంపండి. కంపెనీని ముద్దాయిగా చేర్చకుండా డైరెక్టరు ఒక్కడి మీద కేసు నిలవదు (అనీతా హాడా తీర్పు, 2012). రాజీ కాగితం మీద డైరెక్టరు సంతకంతోపాటు బోర్డు తీర్మానం ప్రతి తీసుకోండి, కొత్త చెక్కుల్లో కొన్నయినా ఆయన సొంత ఖాతావి అడగండి. కంపెనీ దివాలా ప్రక్రియలోకి వెళ్లి మారటోరియం (కేసులు, వసూళ్లు ఆపే ఉత్తర్వు) వస్తే కంపెనీ మీద 138 కేసు ఆగిపోతుంది, డైరెక్టర్ల మీద మాత్రం నడుస్తుంది (మోహన్‌రాజ్ తీర్పు, 2021).

వాయిదా_బాబాయ్

చెక్కు ఇచ్చినవాళ్లు కూడా ఇది చదువుతుంటారు కాబట్టి వాళ్ల వైపు నుంచి నాలుగు మాటలు.

నోటీసు తీసుకోకపోతే తప్పించుకున్నట్టు కాదు. సరైన చిరునామాకు పంపింది ‘తీసుకోలేదు’, ‘డోర్ లాక్’ అని వెనక్కి వెళ్లినా అందినట్టే లెక్క. నిజంగానే తెలియలేదంటే, సమన్లు అందిన 15 రోజుల్లో చెక్కు మొత్తం కోర్టులో కట్టేసి కేసు కొట్టివేయమని అడిగే అవకాశం ఉంది (సి.సి. అలవి హాజీ తీర్పు, 2007). అంతకు మించి సాగదీయలేరు.

బయట డబ్బు కట్టేసి ఇంటికి వెళ్లిపోవద్దు. ఫిర్యాదుకు కోర్టులో కేసు నంబరు పడితే అది కోర్టులో ముగిస్తేనే ముగుస్తుంది. ఇద్దరూ వెళ్లి జాయింట్ మెమో వేసి, మేజిస్ట్రేటు రికార్డు చేసేదాకా హాజరవ్వాల్సిందే. ‘అయిపోయిందిగా’ అని మానేస్తే నాన్ బెయిలబుల్ వారంటు వస్తుంది, దాన్ని రీకాల్ చేయించుకోవడం ఇంకో ఖర్చు. ఎదుటివాడి ఒప్పుదల లేకుండా ‘మొత్తం కట్టాను కాబట్టి రాజీ చేయండి’ అని ఒత్తిడి పెట్టలేరు కూడా. రాజీకి ఫిర్యాదుదారు సమ్మతి కావాల్సిందేనని సుప్రీంకోర్టు పదేపదే చెప్పింది. అందుకే కట్టకముందే, ఆఖరి రూపాయి అందిన వాయిదాకు ఫిర్యాదుదారు వచ్చి మెమో మీద సంతకం చేస్తాడని ఒప్పందంలో రాయించుకోండి.

ఆఖరున తీసుకోవాల్సినవి మర్చిపోతారు: అసలు చెక్కు, హామీగా ఇచ్చిన ఖాళీ చెక్కులు నంబర్లతో సహా, ప్రోనోటు ఉంటే అది. చెక్కు ఒక్కటి చేతికొచ్చి ప్రోనోటు వాళ్ల బీరువాలోనే ఉండిపోతే, మూడేళ్ల లోపు దాని మీద దావా రావచ్చు. పోయిందంటే ‘ఫలానా నంబరు చెక్కు, ఫలానా తేదీ ప్రోనోటు పోయాయి, దొరికినా చెల్లవు’ అని రాసిచ్చిన సంతకం తీసుకోండి.

పోలీస్ స్టేషన్‌లో పంచాయితీ పెడతామంటే రెండు వైపులవాళ్లూ వద్దనండి. 138 కేసు ఫిర్యాదుతో మేజిస్ట్రేటు ముందు నడిచేది, స్టేషన్‌లో వసూలు చేసేది కాదు. అక్కడ రాయించిన కాగితాన్ని రేపు ‘బలవంతంగా రాయించారు’ అంటారు.

ఎరువుల_పద్దు

ఆయన పేరు మీద రెండెకరాలు ఉన్నట్టు తెలిసింది. లోక్ అదాలత్ వైపే మొగ్గుతున్నాను. నోటీసు ఎలా పంపాలి? రిజిస్టర్డ్ పోస్టు తీసేశారంటున్నారు.

కోర్టు_వరండా

2025లో రిజిస్టర్డ్ పోస్టును స్పీడ్ పోస్టులో కలిపేశారు. స్పీడ్ పోస్టులో రిజిస్ట్రేషన్ కూడా అడిగి పంపండి. చెక్కు ఖాతాకు ఉన్న చిరునామా ఒకటి, దుకాణం ఒకటి, రెండింటికీ పంపండి. కౌంటరు రసీదు, డెలివరీ అయిన రోజే ట్రాకింగ్ పేజీ ప్రింటు దాచండి, కొన్ని నెలల తర్వాత వెబ్‌సైటులో అది కనబడదు. నోటీసు ప్రతి మీద వకీలు సంతకం, చెక్కు నంబరు, మెమో తేదీ ఒకసారి మీరే సరిచూసుకోండి. 4,80,000 అంకెల్లోనూ అక్షరాల్లోనూ ఒకటేనా అన్నది మరీ ముఖ్యం.

రెండెకరాలు ఉందంటున్నారు కాబట్టి సర్వే నంబరు, అది ఆయన ఒక్కడి పేరు మీదే ఉందా, ఇప్పటికే తనఖాలో ఉందా అన్నది ఈసీ (ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్) తీసి చూడండి. లోక్ అదాలత్ అవార్డులో ఆ సర్వే నంబరు ఎక్కించి, బాకీ తీరేదాకా అమ్మననీ తనఖా పెట్టననీ రాయించుకుంటే ఈపీ దశలో పని తేలికవుతుంది. అవార్డు సర్టిఫైడ్ కాపీకి అదే రోజు దరఖాస్తు పెట్టేయండి.